కొండవాడి పద్యం

2002 నవంబర్ 8, శుక్రవారం

సంతలో ఫల్గుణ పట్టుకున్నాడు. ఆశ్రమ పాఠశాలలో తెలుగు చెబుతాడు, ఊళ్ళో కళాసంఘానికి కార్యదర్శి. ఉత్సాహం ఎక్కువ, నిదానం తక్కువ. అల్లం బేరం చేస్తున్న నన్ను చెయ్యి పట్టి పక్కకి లాగాడు. తోమా మావా, డిసెంబరు ఆఖర్న టూరిస్టు పండగ సేత్తన్నారు, మన సంఘానికి గంటన్నర టైమిచ్చారు, చంద్రసేన విజయం ఏసేద్దుం అన్నాడు.

ఆ నాటకం పేరు ఎవరి నోటా విని ఎన్నాళ్ళయిందో. నాకేటి వేషం, ఈటె పట్టుకుని నిల్చోవాలా అన్నాను.

కాదు మావా, చంద్రసేన మహారాజే నువ్వు అన్నాడు.

అల్లం అక్కడే మర్చిపోయి వచ్చేశాను.

డెబ్భై ఒకటో ఏట అడుగుతున్నారు. ఎందుకడిగారో నాకు తెలుసు. పండగ నడిపే ఆఫీసరుకి లోకల్ ట్రైబల్ ఆర్టిస్ట్ కావాలట. లోకల్ ట్రైబల్‌ని కాబట్టే ముప్పై ఏళ్ళు నాకు రాజు వేషం ఇవ్వలేదు. ఇప్పుడు లోకల్ ట్రైబల్‌ని కాబట్టే ఇస్తున్నారు. నేను పాడగలనా అని అప్పుడూ ఎవరూ అడగలేదు, ఇప్పుడూ ఎవరూ అడగలేదు.

నవంబర్ 9

కోపంతో నిద్ర లేచాను. ఎవరి మీదో రాస్తే కాస్త తగ్గుతుందేమో.

సన్యాసిరాజు మీద. ఈ పుస్తకంలో అతనికి గారు తగిలించను. ముప్పై ఏళ్ళు బాబుగారూ అని పిలిచాను, చాలు.

విజయనగరం మనిషి. సొంతంగా నాటకాల కంపెనీ పెట్టి, రాజు వేషాలన్నీ తనే వేస్తూ ఊరూరా తిప్పాడు. ఇక్కడ కొండ మీద మిషన్ బడిలో కీర్తనలు పాడుతున్న నన్ను చూసి వేషాలిస్తానని కిందికి తీసుకుపోయాడు. పోస్టరు మీద తోమా అని ఉంటే పౌరాణికానికి జనం రారని, నన్ను అడగకుండానే దాసు అని మార్చాడు. ఇక్కడ మా పాస్టరేమో రాక్షస వేషం కట్టేవాడికి చర్చిలో ప్రభువు బల్ల దగ్గర చోటు లేదన్నాడు. కింద నేను కిరస్తానీని, పైన విగ్రహాల మనిషిని. ఇద్దరూ చెరోవైపూ తోసి నన్ను ఎక్కడా లేకుండా చేశారు.

వేషాలంటారా? రాక్షసుడు, తలారి, ద్వారపాలకుడు, ముసలి మంత్రి, ఒకసారి ఎలుగుబంటి. అన్నిటికన్నా ఎక్కువసార్లు చంద్రసేన విజయంలో కొండవాడు. కొండలో పుట్టిన నాకు కొండవాడు ఎలా మాట్లాడతాడో విజయనగరం మనిషి నేర్పాడు. ప్రతి మాట చివరా దొరా అనాలట. మోకాళ్ళు వంచి నడవాలట. మా ఊళ్ళో అలా నడిచేవాణ్ణి ఒక్కణ్ణే చూశాను. అతను చింతచెట్టు మీంచి పడ్డాడు. నా రంగు చాలదని పైన బొగ్గు కూడా పూసేవారు.

ఇక శ్రుతి. వేరే కంపెనీల్లో హార్మోనిస్టు ఎవరి గొంతుకి తగ్గట్టు వాళ్ళకి శ్రుతి మార్చేవాడు. మా కంపెనీలో అందరికీ ఒకటే. ఐదున్నర. అంత ఎత్తు శ్రుతి సన్యాసిరాజుకి సుఖం. దూసుకుపోయే గొంతు అతనిది, కాదనను. నాటకం మధ్యలో శ్రుతి మారిస్తే బిగి పోద్దిరా అనేవాడు. దాంతో రాణీ ఐదున్నరే, రాక్షసుడూ ఐదున్నరే. మేమంతా మెడలు సాగదీసి కోడిపుంజుల్లా అరిచేవాళ్ళం. అరిస్తే వీళ్ళకి గాత్రం లేదని రాజే అందరికీ చెప్పేవాడు.

జనం వన్స్ మోర్ అనేది రాజు పద్యాలకే. రాజు మళ్ళీ ఎత్తుకుని రాగం తీసినంతసేపూ స్టేజి మీద మిగతావాళ్ళం కదలకూడదు. కంపెనీ రూలు. ఈటె ఎత్తి ఉంటే ఎత్తే ఉంచాలి. చంద్రసేనుడి పద్యాలన్నీ నాకు అలా వచ్చాయి, చెయ్యి తిమ్మిరెక్కుతూ.

కంపెనీ మూతపడ్డాక కొండెక్కి వచ్చి గ్రంథాలయంలో అటెండరుగా చేరాను. దుమ్ము దులిపిన ప్రతి పుస్తకమూ చదివాను. నాటకరంగ చరిత్రలు మూడు కనిపించాయి. మూడింటిలోనూ రాజు ఉన్నాడు. ఒకదాంట్లో ఫోటో కూడా ఉంది. ఆ ఫోటో అంచున నా మోచెయ్యి ఉంది.

నవంబర్ 12

ఎవరికీ చెప్పలేదు గానీ సంతోషంగా ఉంది.

నవంబర్ 15

మొదటి రిహార్సల్. చర్చి వెనక హాలు ఇచ్చారు. పాస్టరు మారాడు, వేషాల మీద ఇప్పుడెవరికీ పట్టింపు లేదు. హార్మోనియం దొరకలేదు. చర్చిలో పాటలు పాడే కొయిర్‌కి వాయించే ఆల్విన్ తన క్యాసియో కీబోర్డు తెచ్చాడు. పద్యాలకి క్యాసియో ఏమిటని మండిపడ్డాను. ఇది అడిగింది వాయిస్తాది, ఎదురు మాటాడదు మావా, నువ్వు పాడు ముందు అన్నాడు.

ఐదున్నర అన్నాను.

ఆల్విన్ నా మొహంలోకి చూశాడు. సరే అని మీట నొక్కాడు. మొదటి పద్యం రెండో పాదంలోనే గొంతు చిట్లింది. నీళ్ళు తాగి మళ్ళీ ఎత్తాను. మళ్ళీ చిట్లింది. హాల్లో బల్లలు సర్దుతున్న పిల్లలు నవ్వు ఆపుకోలేక బయటికి పరుగెత్తారు.

అప్పుడు అడిగాడు ఆల్విన్. ఇది నీది కాదు మావా, అసలు నీ శ్రుతెంత, సెప్పు, దానికి పెట్టెత్తాను అన్నాడు.

ఏం చెప్పను? ఎవరైనా అడిగితే కదా తెలిసేది. మిషన్ బడిలో పాదిరిగారి శ్రుతి, కంపెనీలో రాజు శ్రుతి, చర్చిలో ఆడవాళ్ళ శ్రుతి. చెప్పుల కొలత అడిగితే తడుముకోకుండా చెబుతాను. నా గొంతు కొలత నాకు తెలియదు.

తలనొప్పి అని చెప్పి వచ్చేశాను.

నవంబర్ 16

తలనొప్పి లేదు.

నవంబర్ 19

సిల్వియా ఒక పని చేసింది. నా కూతురు, మిషన్ ఆసుపత్రిలో నర్సు. మొగుడితో పడక నా ఇంటికి వచ్చి నాతో పడుతోంది. పొద్దున్న నేను పెరట్లో పద్యాలు పాడుకుంటుంటే కొయిర్ టేప్ రికార్డరు కిటికీలో పెట్టి రికార్డు చేసింది. సాయంత్రం డ్యూటీ నుంచి వచ్చాక వినిపించింది.

విన్నాను. చంద్రసేనుడి మూడు పద్యాలు. అది సన్యాసిరాజు గొంతు. అచ్చంగా అతనే. పాదం చివర ముక్కులోకి లాగే రాగం అతనిది. సమాసం మధ్య ఆగి జనాన్ని చూసే ఆ చిన్న విరామం కూడా అతనిదే. చివరికి పద్యం ఎత్తుకునే ముందు అతను దగ్గే దొంగదగ్గు కూడా నేను దగ్గాను.

సిల్వియా నవ్వింది. నాన్నా, పొద్దస్తమానం తిడతావు గదా ఆయన్ని, మరి ఆయనెందుకున్నాడు నీ కంఠంలో, అద్దెకిచ్చావేటి అంది.

ఆ రాత్రి అన్నం తినలేదు.

పెద్ద పెద్ద నవలలు చదివాను. శత్రువు ఇల్లు లాక్కుంటాడు, పొలం లాక్కుంటాడు. నా శత్రువు నాలో కాపురం పెట్టాడు. ఇంతకన్నా అన్యాయం ఏ పుస్తకంలోనూ చదవలేదు.

నవంబర్ 20

రాజు వేషం వద్దని ఫల్గుణకి చెప్పేశాను. అతని వేషం అతని గొంతుతో అతనిలా వెయ్యడానికి నేనెందుకు? నాకు కొండవాడి వేషం ఇవ్వు, కానీ కొండవాడి పద్యంతో సహా ఇవ్వు అన్నాను.

కొండవాడికి పద్యమేటి మావా, కాళ్ళ మీద పడతాడు, అంతే గదా అన్నాడు ఫల్గుణ. అతని తప్పేం లేదు. అచ్చు పుస్తకంలో లేదు.

ఉండేది. నాటకం రాసిన పంతులుగారు నా కోసమే రాశారు. చంద్రసేనుడు వేటకి వచ్చి ఒక లేడిని కొడతాడు. అది కొండవాడు పెంచుకున్న లేడి. కొండవాడు అడ్డంగా నిలబడి అడుగుతాడు.

చెట్టు నాటినదియు చేతితో నీవెనా
వాగు నీవు తవ్వి వదలినావొ
పాలు పోసి పెంచి పరుగు నేర్పితి నేను,
అమ్ము వేసినంత నడవి నీదె?

ఒక్క ఆటవెలది. రాజుకి పద్దెనిమిది పద్యాలు, నాకు ఇదొక్కటి. 1971లో సాలూరు తిరునాళ్ళలో కొండల మీంచి దిగిన జనం వెనక వరసల్లో నిండిపోయారు. ఐదున్నరలో అరిచినా సరే, ఈ పద్యానికి వాళ్ళు వన్స్ మోర్ అన్నారు. మళ్ళీ అన్నారు. నేను నోరు తెరిచేలోపు రాజు తన పద్యం ఎత్తేశాడు. మర్నాటి ఆట నుంచి నా పద్యం లేదు. నిడివి ఎక్కువైందన్నాడు. ఆ తరవాత కంపెనీ మూసే దాకా ప్రతి ఆటలోనూ వచ్చి, తప్పయిపోనాది దొరా అని, అతని కాళ్ళ మీద పడ్డాను. పుస్తకం అచ్చు వేయించినప్పుడూ అది లేకుండానే వేయించాడు.

ఆ పద్యం ఒకసారి పాడాలి. నా శ్రుతిలో, అది ఎంతైతే అంత. అంతకు మించి నాకేమీ అక్కర్లేదు.

ఫల్గుణ బుర్ర గోక్కుని ఒప్పుకున్నాడు. మరి రాజు వేషం ఎవరికి అని తనలో తాను గొణుక్కుంటూ పోయాడు. నాకెందుకు అనుకున్నాను.

నవంబర్ 29

నాకెందుకు అనుకోకుండా ఉండాల్సింది.

ఫల్గుణ విజయనగరం వెళ్ళి సన్యాసిరాజుకి చెప్పి వచ్చాడు. రాజు వేషం రాజే వేస్తాడట. బతికున్న దిగ్గజం మావా, నీకూ ఆయనకీ ఒకే స్టేజి, నువ్వు కుశాలైపోతావనుకున్నాను అంటున్నాడు. మొహంలో కల్మషం లేదు. కల్మషం ఉంటే కొట్టేవాణ్ణి.

నేను వదిలేసిన కుర్చీలో ఎవరు కూర్చుంటారో చూసుకోలేదు. పది రోజుల్లో వాడే వచ్చి కూర్చున్నాడు.

డిసెంబర్ 3

మానేద్దామనుకున్నాను. మానేస్తే పద్యం పోతుంది. మానను.

డిసెంబర్ 14

ఆల్విన్ క్రిస్మస్ స్టారు కడుతూ నిచ్చెన మీద ఉన్నాడు. కిందికి దిగమన్నాను. నా శ్రుతి ఎంతో కనిపెట్టమన్నాను.

పాడొద్దు మావా, ముందు మాటాడు అన్నాడు. ఏం మాట్లాడను అంటే ఎవర్నైనా తిట్టు అన్నాడు. పాస్టర్లని, ప్రొఫెసర్లని, రాజుని తిట్టాను. విశాఖ నుంచి వచ్చి నా దగ్గర మూడు గంటలు కూర్చుని మా థింసా నాట్యం గురించి మాత్రమే అడిగి పోయిన ఒక పరిశోధకుణ్ణి తిట్టాను. నేను తిడుతుంటే ఆల్విన్ ఒక్కో మీటా నొక్కుతూ వెతికాడు. ఒకచోట ఆగాడు.

రెండు అన్నాడు.

అంత కిందా అన్నాను. సిగ్గనిపించింది. కింద కాదు మావా, నువ్వుండేది అక్కడే అన్నాడు. ఆ శ్రుతిలో పద్యం ఎత్తాను. గొంతు ఎక్కడా పట్టుకోలేదు. మెడ సాగదీయలేదు. చిట్టచివరి పాదం నేను అడిగినట్టే ఉంది, అరిచినట్టు లేదు.

ఇంత సులువా? ఒక్క మనిషి ఒక్క మీట మార్చి ఉంటే సరిపోయేదా?

సంతోషం రావలసింది. ఒళ్ళు మండుకొచ్చింది.

డిసెంబర్ 22

రాజు పాసింజరు రైల్లో దిగాడు. మఫ్లరు, చేతికి నాలుగు ఉంగరాలు, ఊతకర్ర. స్టేషనులో నన్ను చూసి ఒరే దాసూ, బాగున్నావేట్రా అన్నాడు. నా నోరు దానంతట అదే బాబుగారూ అంది. ఆ నోటిని ఏం చెయ్యాలి?

సాయంత్రం రిహార్సల్. ఆల్విన్ శ్రుతి ఎంత అని అడగగానే ఐదున్నర అన్నాడు, కుర్చీలోంచి లేవకుండా. డెబ్భై ఆరేళ్ళకి ఐదున్నర. నా పద్యం సంగతి ఫల్గుణ కదిపాడు. పాడుకోమను, ఎవడొద్దన్నాడు, కానీ శ్రుతి మాత్రం మార్చీకండి, మధ్యలో శ్రుతి మారితే నాటకం బిగి పోద్ది అన్నాడు రాజు. అదే మాట. ముక్క కూడా మార్చలేదు.

రెండులో అయితేనే పాడతానన్నాను. ఫల్గుణ మా ఇద్దరి మధ్యా చేతులు నలుపుకున్నాడు. చివరికి, మావా, పెద్దాయన, గెస్టు, ఈసారికి ఐదున్నరలో లాగించెయ్యి అన్నాడు. ఆల్విన్ కీబోర్డు ఆపి సంచిలో పెట్టుకున్నాడు.

గ్రీజు పెయింటు పెట్టెలోంచి బొగ్గు రంగు తీసి కిటికీలోంచి పారేసి వచ్చాను. అదొక్కటీ నా చేతిలో ఉంది.

డిసెంబర్ 25

క్రిస్మస్. సిల్వియా రాజుని భోజనానికి పిలిచింది. పండగ పూట లాడ్జిలో ఒక్కడూ ఏటి తింటాడు నాన్నా అంది. నన్ను అడగలేదు.

కోడికూర మూడుసార్లు వేయించుకున్నాడు. గోడ మీద నా భార్య లిదియా ఫోటో చూసి ఈవిడెవరు అన్నాడు. చెప్పాను. మూడేళ్ళ క్రితం పోయిందన్నాను. అయ్యో అన్నాడు. కాసేపాగి, ఈవిడెవర్రా అన్నాడు. మళ్ళీ చెప్పాను. చెయ్యి కడుక్కుని వచ్చి మళ్ళీ అడిగాడు. పనివాడి ఇంటి మనిషిని గుర్తు పెట్టుకోవడం ఎందుకు అనుకుని ఉంటాడు. లిదియా నాలుగేళ్ళు కంపెనీ దుస్తులు ఉతికింది. కుట్లు వేసింది.

మీ నాన్నలా కాళ్ళ మీద పడ్డవాడు నాటకరంగంలో లేడమ్మా, పడితే స్టేజి బల్ల అదిరేది అని సిల్వియాకి చెప్పాడు. పొగడ్త అనే చెప్పాడు.

అప్పుడు సిల్వియా అడిగేసింది. మా నాన్న పద్యం ఎందుకు తీసేశారండీ అంది. నేను తలుపు దగ్గర నిలబడిపోయాను. ముప్పై ఒక్క ఏళ్ళుగా ఈ ప్రశ్నకి అతను చెప్పబోయే జవాబులన్నీ ఊహించి, అన్నిటికీ నేను ఎదురు జవాబులు తయారు చేసి పెట్టుకున్నాను.

ఏ పద్యం అన్నాడు.

సాలూరు తిరునాళ్ళు అన్నాను. వన్స్ మోర్ అన్నాను. సాలూర్లో మనం ఆడేమేట్రా అన్నాడు. అరటిపండు ఒలుచుకున్నాడు.

చేసినవాడికి చేసిన గుర్తు కూడా లేకపోతే ఇక మనిషిని నలిపెయ్యడం ఎంత తేలిక. అతనికి అది ఒక ఆట. మర్నాడు ఇంకో ఊళ్ళో ఇంకో ఆట.

డిసెంబర్ 28, ఉదయం ఏడు

మంచు. గొంతు బాగుంది. కాళ్ళ మీద పడను.

డిసెంబర్ 29

నిన్నటి సంగతి రాసి పెట్టాలి. లేకపోతే ఫల్గుణ చెప్పిందే చరిత్ర అయిపోతుంది.

ముందు వరసల్లో టూరిస్టులు, చేతుల్లో కాల్చిన మొక్కజొన్న పొత్తులు. వెనక మన జనం, జి.మాడుగుల నుంచి కూడా జీపుల్లో వచ్చారు. థింసా అయ్యాక మా నాటకం. రాజు కిరీటం పెట్టుకుని వచ్చాడు. మొదటి పద్యం ఐదున్నరలో ఎత్తాడు, పైకి వెళ్ళి తెగిపోయాడు. దొంగదగ్గు అడ్డం పెట్టుకుని దిగాడు. నేను తెర వెనక నుంచి చూసి సంతోషించాను. రెండో పద్యమూ అంతే. జనం మర్యాదకి చప్పట్లు కొట్టారు.

వేట సీను. చెక్క లేడి మీద బాణం వేసి విల్లు ఎత్తి నిలబడ్డాడు. నేను ప్రవేశించాను. మోకాళ్ళు వంచకుండా నడిచి వెళ్ళాను.

ఆల్విన్ ఐదున్నరలో శ్రుతి పట్టి ఉంచాడు. నేను నోరు తెరవలేదు. శ్రుతి మోగుతూనే ఉంది. తెర పక్క నుంచి ఫల్గుణ పద్యం మొదటి మాట అందించాడు, మర్చిపోయాననుకుని. తెరవలేదు. బేగి ఎత్తరా అని రాజు పెదవి కదపకుండా అన్నాడు. తెరవలేదు. ముందు వరసలో ఎవరో నవ్వారు. నేను ఆల్విన్‌నే చూస్తున్నాను. పాపం, అతని నుదుటి మీద చెమట. చివరికి కీబోర్డు మీంచి చేతులు తీసేశాడు. ఒక మీట నొక్కాడు. రెండు.

పాడాను.

గొప్పగా పాడానని రాయను. నాలాగ పాడాను. ముక్కులోకి లాగలేదు. ఆగి జనాన్ని చూడలేదు. అడవి నీదె అని రాజు కళ్ళలోకి చూసి అడిగాను.

అయిపోయింది. చప్పట్లు వచ్చాయి, వెనక నుంచి కాస్త ఎక్కువే. వన్స్ మోర్ అని ఎవరూ అనలేదు. ఈ కాలం జనానికి ఆ అలవాటే లేదు. ఇప్పుడు నేను కాళ్ళ మీద పడాలి.

నేను మళ్ళీ ఎత్తుకున్నాను. ఎవరూ అడక్కుండానే. మొదటి నుంచి, రాగంతో సహా. ఫల్గుణ తెర పక్క నుంచి వద్దు వద్దని చేతులు ఊపుతున్నాడు. రూలు ప్రకారం రాజు కదలకూడదు. కదల్లేదు. విల్లు ఎత్తే ఉంచాడు. మోచెయ్యి వణుకుతోంది. వణకనీ అనుకున్నాను. నాలుగో పాదం మరీ నెమ్మదిగా పాడాను.

ఇప్పుడు అతను జవాబు పద్యం చెప్పాలి. చెప్పలేదు. తన వంతుగా పగ తీర్చుకుంటున్నాడు అనుకున్నాను. తరవాత అతని కళ్ళు చూశాను. స్టేజి చూశాడు, లేడిని చూశాడు, జనాన్ని చూశాడు. తను ఎక్కడున్నాడో తెలియడం లేదు. నన్ను చూశాడు. తప్పిపోయిన పిల్లలు సంతలో అలా చూస్తారు.

ఒక్క క్షణం వదిలెయ్యాలనిపించింది. అలా నిలబడనీ, జనం నవ్వనీ. అది కూడా రాస్తున్నాను.

తరవాత అతని పద్యం మొదటి మాట అందించాను. ఎందుకని అడిగితే నాకెలా తెలుస్తుంది? నటుణ్ణి. పక్కవాడు ఆగిపోతే అందిస్తాం.

అందుకున్నాడు. శ్రుతి రెండులోనే ఉంది. పాపం అతనికి శ్రుతి మారిన సంగతి కూడా తెలియదు. నా శ్రుతిలో పాడాడు. పైకి పోవాల్సిన పని లేదు, తెగాల్సిన పని లేదు. పద్దెనిమిది పద్యాల్లో ఇంత బాగా ఏ పద్యమూ అతను పాడగా నేను వినలేదు. వెనక నుంచి ముసలాళ్ళెవరో అరిచారు. వన్స్ మోర్.

రాజుకి.

మళ్ళీ పాడాడు. నేను కదలకుండా నిలబడ్డాను. కాళ్ళ మీద మాత్రం పడలేదు. అయిపోయాక నిలబడే తెర వేయించాను.

ఇంటికొచ్చే దారిలో సిల్వియా చెప్పింది. క్రిస్మస్ భోజనం దగ్గరే కనిపెట్టిందట. ఆసుపత్రిలో ఇలాంటివాళ్ళని చూస్తూనే ఉంటుందట. మతిమరుపు జబ్బు నాన్నా, ఆయన మీద కక్షేటి ఇంక, వదిలెయ్యి అంది.

వదిలెయ్యడం ఏమిటి? నాకు జవాబు రావాలి. పద్యం ఎందుకు తీశావని అడిగితే, అసూయతో తీశానని అతను ఒప్పుకోవాలి. లేదా కొండవాడికి పద్యం ఏమిటిరా అని నన్ను తిట్టాలి. ఏదో ఒకటి అనాలి. తను చేసినవన్నీ మర్చిపోయి అమాయకుడై కూర్చున్నాడు. ఆ ముప్పై ఏళ్ళూ మోసేవాణ్ణి ఇప్పుడు నేనొక్కణ్ణే. ఇదెక్కడి న్యాయం?

డిసెంబర్ 30

రాజుని రైలెక్కించారట. నేను స్టేషనుకి వెళ్ళలేదు.

2003 జనవరి 7

పేపర్లో పండగ వార్త, ఫోటో. నా ముఖం పూర్తిగా వచ్చింది. కింద పేరు లేదు. స్థానిక గిరిజన కళాకారుడు అని వేశారు.

జనవరి 23

ఫల్గుణ విజయనగరం వెళ్ళి వచ్చాడు. రాజుకి కొడుకు పేరు కూడా గుర్తు లేదట. పొద్దున్నే వరండాలో కూర్చుని ఒకే ఒక్క పద్యం పాడుతున్నాడట. నాది. రెండు శ్రుతిలో. ఇది నా పద్యం, నా కోసమే రాశారని వచ్చినవాళ్ళందరికీ చెబుతున్నాడట.

దొంగ.

మూడో పాదం వదిలేస్తున్నాడట. పాలు పోసిన పాదం. అది లేకపోతే పద్యం నిలబడదు. రేపు పాసింజరుకి విజయనగరం వెళ్తున్నాను.